కల్పిత దృశ్యం, ప్రకృతి సాక్ష్యం

సూరత్ తెలుగువారికి పరాయి నగరం కాదు. తెలంగాణ జిల్లాల నుంచి వలస వెళ్ళిన పద్మశాలీ కుటుంబాలు ఎన్నో అక్కడి మరమగ్గాలను నమ్ముకొని జీవిస్తున్నాయి. ఆ నగరపు గాలిని, నీటిని గురించి ఒక డాక్యుమెంటరీ తీయవలసి వస్తే, అంతవరకు సినిమాలకు సెట్టింగులు నిర్మించిన కళాదర్శకునికి ఆ పని అప్పగించవచ్చునా? లేనిదానిని ఉన్నట్లు చూపడమే వృత్తిగా గలవాడు ఉన్నదానిని ఉన్నట్లు చూపగలడా అన్న సంశయం సహజమే.

ఇందుకు పూర్వోదాహరణ ఉంది. బ్రెజిల్‌లో జన్మించిన ఆల్బెర్టో కవల్కాంటి 1924లో ఫ్రెంచి దర్శకుడు మార్సెల్ లెర్బియే చిత్రానికి సెట్టింగులు రూపొందించిన వారిలో ఒకడు. 1926 నాటికే కెమెరాను పారిస్ వీధులలోకి తీసుకుపోయాడు. 1934లో బ్రిటిష్ తపాలా శాఖ చలనచిత్ర విభాగంలో చేరి, మరుసటి ఏడు బొగ్గుగనులపై ‘కోల్ ఫేస్’ చిత్రం తీశాడు. (తపాలా శాఖ కళను పోషించిన రోజులవి, మా వంటి ఉద్యోగులకు అదొక ఊరట.)

కనుక వృత్తిని బట్టి మనిషిని అనుమానించడం న్యాయం కాదు. సత్యజిత్ రాయ్ ‘అపరాజితో’ (1956) కోసం బన్సీ చంద్రగుప్త కాశీలోని ఇంటి లోగిలిని స్టూడియోలో నిర్మించాడు. ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర పైన తెల్లని గుడ్డ పరచి, దానిపై దీపకాంతిని ప్రసరింపజేసి, ఆకాశపు వెలుగును తలపించాడు. ఇందులో మోసపోయినవారెవరూ లేరు. కథాచిత్రం చూడ వచ్చిన ప్రేక్షకుడు ఆ కల్పనకు ముందే సమ్మతించి ఉన్నాడు.

చిక్కు ఆ సమ్మతి లేనిచోట వస్తుంది. రాబర్ట్ ఫ్లాహెర్టీ 1922లో విడుదలైన ‘నానూక్ ఆఫ్ ది నార్త్’ తీస్తూ, వెలుతురు చాలనందున సగం గోడ లేని మంచు గృహాన్ని కట్టించాడు. ఇది క్షమార్హమనే నా అభిప్రాయం. అటువంటి ఇళ్ళు నిజంగానే ఉండేవి. కాని 1934లో విడుదలైన ‘మేన్ ఆఫ్ ఆరన్’ కోసం ఐర్లండ్ దీవివాసుల చేత సొరచేపల వేట చేయించాడు. ఆ వేట అక్కడ ఎన్నడో అంతరించింది. ఆ తరంవారికి ఆ విద్యను కొత్తగా నేర్పవలసి వచ్చింది. గోడ తొలగించడం వేరు, జీవనవిధానాన్నే కల్పించడం వేరు.

దీనికి ఎదురుగా గుజరాత్ తీరాన్ని ఉంచి చూడండి. అక్కడ తిమింగల సొరలను వధించడాన్ని మైక్ పాండే ‘షోర్స్ ఆఫ్ సైలెన్స్’ (2000)లో చిత్రించాడు. 2001లో ఆ జీవి వన్యప్రాణి సంరక్షణ చట్టపు మొదటి షెడ్యూలులో చేరింది. ఆ మార్పుకు తోడ్పడిన వాటిలో ఈ చిత్రం ఒకటి. చట్టాన్ని కదిలించే దృశ్యం కళాఖండం మాత్రమే కాదు, వాంగ్మూలం కూడా. దానిని నమ్మి కొందరి జీవనోపాధిని నిషేధిస్తాము. అది పడవమీది జాలరికి జవాబు చెప్పగలిగినదై ఉండాలి.

చరిత్ర విద్యార్థిగా నన్ను ఎక్కువ కలవరపరిచేది కట్టిన గోడ కాదు, తేదీ లేని చిత్రం. 1994 సెప్టెంబరులో ప్లేగు భయంతో లక్షలాది జనం సూరత్‌ను విడిచిపోయారు. ముఖాలకు గుడ్డలు కట్టుకొన్న మనుషులను, చెత్తకుప్పలను ప్రపంచమంతా చూసింది. 1995లో మునిసిపల్ కమిషనరుగా వచ్చిన ఎస్.ఆర్. రావు పారిశుద్ధ్య యంత్రాంగాన్ని సమూలంగా సంస్కరించాడు. 1996లో ఇంటాక్ సంస్థ పరిశుభ్ర నగరాల వరుసలో సూరత్‌కు చండీగఢ్ తరువాతి స్థానమిచ్చింది. ఆ ఏట సూరత్‌ను మురికికూపంగా చూపదలచిన దర్శకుడు ఒక్క మేకు కొట్టనక్కరలేదు. పాత ఫిల్ము ముక్కను తేదీ చెప్పకుండా అతికిస్తే చాలు.

ఇక్కడ కళాదర్శకుని అలవాటు అక్కరకు రావచ్చు. నిర్మించే ప్రతి సెట్టుకూ అతడు కొలతలతో పటం గీస్తాడు. ఏ వస్తువు ఎక్కడిదో రాసి ఉంచుతాడు. తాపీ తీరాన తీసే ప్రతి దృశ్యానికీ స్థలం, తేదీ, తాను కదిలించిన వస్తువుల పట్టిక అదే విధంగా రాసి, చిత్రంతోపాటు దాఖలు చేయమని అడగడం ఏ కళాకారునికీ అవమానం కాబోదు.