మూడేళ్ళు, మూడు రోజులు

చైనా కత్తియుద్ధాల సినిమాల్లో మనుషులు వెదురుకొమ్మల మీద ఎగురుతుంటే మా భోగాపురంలో నవ్వేవాళ్ళే ఎక్కువ. విఠలాచార్య సినిమాలకు ఈలలేసిన ఊరు అంత నవ్వక్కర్లేదనుకోండి. నాకు మాత్రం జాంగ్ యిమో 2004లో తీసిన ‘హౌస్ ఆఫ్ ఫ్లయింగ్ డ్యాగర్స్’లో ఎగరడం కన్నా ఒక లెక్క తెగడం లేదు.

కథ 859 నాటిది, తాంగ్ వంశం కూలిపోతున్న కాలం. లియో అనే అధికారి నిజానికి తిరుగుబాటు ముఠా మనిషి. ముఠా పంపితే వెళ్ళి సర్కారు కొలువులో మూడేళ్ళు వేషం కట్టాడు. అతను మనసిచ్చిన పిల్ల మెయ్. లియో తోటి అధికారి జిన్‌ను వలలో వేసే ముఠా పని మీద ఆమె గుడ్డిదానిగా నటిస్తూ అతనితో అడవుల్లో ప్రయాణం చేస్తుంది. మూడు రోజుల్లో జిన్‌ను ప్రేమిస్తుంది. లియో గుండె మండేది అక్కడే. మూడేళ్ళు ఓపిక పట్టినవాడికి దక్కనిది మూడు రోజుల పరిచయానికి ఎలా దక్కిందని.

ఈ ప్రశ్న మా తీరానికి కొత్తది కాదు. ఇటు విజయనగరం, అటు శ్రీకాకుళం జిల్లాల పల్లెల నుంచి చేపల వేటకని గుజరాత్‌లోని వెరావల్ వెళ్ళే మగాళ్ళు నెలల తరబడి ఇంటి ముఖం చూడరు. 2018 చివర్లో అలా వెళ్ళినవాళ్ళు కొందరు సముద్రంలో సరిహద్దు దాటారంటూ పాకిస్తాన్‌కు చిక్కారు. 20 మందిని 2020 జనవరి 6న వాఘా దగ్గర అప్పగించారు. దాదాపు పద్నాలుగు నెలలు. ఆ ఉదంతం మీదే 2025లో ‘తండేల్’ వచ్చింది. మన సినిమాలో ఎదురుచూపు గెలుస్తుంది, గెలవాలి కూడా. టికెట్ కొన్నవాడు దానికే వస్తాడు. చైనావాడు ఎదురుచూపుకి గెలుపు రాసివ్వలేదు.

ఈ కథ మా వీధిలో ఒక పెద్దావిడకి చెప్పాను. వలస ఇంటి మనిషి. లియో మీద జాలి పడుతుందనుకుంటే, “మూడేళ్ళు రానోడొచ్చి తప్పు నీదే అంటే ఆ పిల్ల ఏటనాల? ఆడి కట్టం ఆడిది, దీని దినాలు దీనివి” అంది. కష్టం పడ్డవాడికి కష్టం మీదే హక్కు, ఎదుటి మనిషి రోజుల మీద కాదని నేనైతే పేజీలు రాసేవాణ్ణి.

అయితే ఒకటి. లియోని మూడేళ్ళు దూరం పెట్టింది మెయ్ కాదు, ముఠా. మా వాళ్ళని వెరావల్ పంపేదీ పెళ్ళాలు కాదు, ఈ తీరంలో పలచబడ్డ చేప, అప్పు. కోపం మాత్రం దగ్గరున్న మనిషి మీదే తీరుతుంది. అప్పు ఇచ్చినవాడు కత్తికి అందడు కదా.

కత్తి కథలు మాకూ ఉన్నాయి. బొబ్బిలి ఇక్కడికి దూరం కాదు. 1757 యుద్ధాన్ని మేం బుర్రకథల్లో విన్నాం, 1964 నాటి సినిమాలో చూశాం. అందులో కోట ఏమైందో చిన్నపిల్లాడు కూడా చెప్తాడు. అంతఃపురంలో కత్తికి బలైన ఆడవాళ్ళకి ఏం కావాలనుందో ఎవరూ చెప్పలేరు. యిమో సినిమా దీనికి తిరగేసిన పద్ధతి. చివర్లో సర్కారు సైన్యం వెదురుతోపులోకి దిగుతుంది, అంతే, ఆ యుద్ధం ఏమైందో చూపించడు. కెమెరా ముగ్గురిని వదలదు. ఉక్రెయిన్‌లో షూటింగ్ చేస్తుంటే అనుకోకుండా ముందే మంచు కురిసిందట. దాన్నీ కథలో కలిపేశాడు. అందుకే ఎర్రటి ఆకుల మధ్య మొదలైన ద్వంద్వం తెల్లటి మంచులో ముగుస్తుంది.

ఆ ముగింపులో ఒక్క క్షణం ఉంది. లియో విసిరిన కత్తి అప్పటికే మెయ్ గుండెలో దిగి ఉంటుంది. అది లాగేస్తే తను చచ్చిపోతుంది. జిన్ మీదికి లియో చెయ్యెత్తగానే ఆమె దాన్ని లాగి, అతని కత్తికి అడ్డంగా విసురుతుంది. తీరా లియో చేతి నుంచి ఎగిరింది కత్తి కాదు, రక్తపు చుక్క. అతను చంపదలచుకోలేదు. ఆమె లియోకి గురి పెట్టి ఉండొచ్చు, పెట్టలేదు. ఎవరూ ఎవరినీ చంపాలనుకోని ఆ క్షణంలోనే ఆమె చచ్చిపోయింది. లియోని అసహ్యించుకోవడానికి నాకు మనసొప్పదు. కానీ ఆ కత్తిని మొదట ఆమె గుండెలో దించింది అతనే.