‘ప్రయోజకుడు’, ‘సెటిలయ్యాడు’: సాఫల్యభావనపై ఒక పరిశీలన

నిజాంపేటలో ఒక యువకుణ్ణి గురించి ‘సెటిలయ్యాడు’ అంటే ఎవరూ అర్థం అడగరు. హైటెక్ సిటీలో ఉద్యోగం, ప్రగతినగర్ వైపో బాచుపల్లి వైపో ఫ్లాటు, పెళ్లి. 1998లో సైబర్ టవర్స్ ప్రారంభమైంది. 2019లో నిజాంపేట నగరపాలక సంస్థ అయింది. ఈ రెండింటి నడుమ ఆ మాటకు ఇటుకా సిమెంటూ దొరికాయి. పెద్దతరంవారు ఇదే సందర్భంలో ‘ప్రయోజకుడయ్యాడు’ అంటారు. ఈ రెండూ పర్యాయపదాలు కావు.

సెటిలవడమంటే స్థిరపడటం, ఇక కదలనక్కరలేకపోవడం. (ఇరవై ఏళ్ల గృహరుణ వాయిదాల మీద నిలిచిన స్థిరత్వం ఎంతటిదన్నది వేరే ప్రశ్న.) ‘ప్రయోజక’ శబ్దం దారి వేరు. సంస్కృత వ్యాకరణంలో ప్రయోజకుడు ఇతరులచేత పని చేయించే కర్త, పాణిని అతనికి ‘హేతువు’ అనే సంజ్ఞ చేశాడు (1.4.55). తెలుగు వాడుకలో ఆ పదానికి సమర్థుడు, పనికివచ్చేవాడు అనే అర్థం స్థిరపడింది. అయినా ‘ఎవరికి?’ అన్న ప్రశ్న అందులో మిగిలే ఉంది. ‘సెటిలయ్యాడు’ అన్న మాటలో ఆ ప్రశ్నకు చోటు లేదు.

కొమర్రాజు లక్ష్మణరావును ఈ రెండు కొలతలతోనూ చూడవచ్చు. 1901లో హైదరాబాదులో శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయాన్ని స్థాపించినవారిలో ఆయన ఒకరు. 1906లో విజ్ఞానచంద్రికా గ్రంథమండలి ఆయన పూనికతోనే నెలకొన్నది. ఆయన తలపెట్టిన ఆంధ్ర విజ్ఞాన సర్వస్వం మూడు సంపుటాల దగ్గర ఆగిపోగా 1923లో కన్నుమూశారు. పూర్తిచేయడమే సాఫల్యమైతే ఆయన కృషి విఫలమే. కానీ చిలుకూరి వీరభద్రరావు ‘ఆంధ్రుల చరిత్రము’ ఆ మండలి ద్వారానే వెలువడింది. సర్వస్వాన్ని తరువాత కాశీనాథుని నాగేశ్వరరావు చేపట్టారు. తన పనిని ఇతరుల చేతుల్లో పని అయ్యేట్టు చేయడం పాణినీయమైన అర్థంలోనే ప్రయోజకత్వం. సాఫల్యానికి దారి అడిగితే నాకు ఇంతకన్న నమ్మదగినది కనిపించదు.

అయితే పాతమాటను పూజించవలసిన పని లేదు. ‘ప్రయోజకురాలు’ ఇళ్లలో అరుదుగా వినబడుతుంది. ఈ కొలత కొడుకుల కోసం ఏర్పడినది. పైగా ‘అప్రయోజకుడు’ అన్నది ఒక తీర్పు. 2019 ఏప్రిల్‌లో తెలంగాణ ఇంటర్మీడియట్ ఫలితాల తరువాత ఇరవైమందికి పైగా విద్యార్థులు ప్రాణాలు తీసుకొన్నారు. ఫలితాల ప్రక్రియలో లోపాలున్నాయని విచారణ సంఘం గుర్తించింది. మార్కులన్నీ సరిగానే ఉన్నా, అవి తెలిపేది ఒక పాఠం వచ్చిందా లేదా అన్నది మాత్రమే. ఒక మనిషి ఎవరి పనికి హేతువవుతాడో పదిహేడో ఏట ఏ పత్రం చూసి చెప్పగలం? లక్ష్మణరావు విషయంలోనే ఆ లెక్క 1923 తరువాత కూడా సాగుతూ వచ్చింది.