వీనుల విందు

ఈ సంచికకు నాలుగు మాటలు వ్రాయుమని సంఘము పెద్దలు అడిగినప్పుడు నాకు మొదట తోచిన విషయము భోజనము. పాఠకులు నవ్వవచ్చును. ముప్పది సంవత్సరములుగా చింతామణిలో కందిపప్పు, బెల్లము, చింతపండు తూచుచు కూర్చున్నవానికి వేరొక విషయము ఎట్లు తోచును? నేను పండితుడను కాను. పదవ తరగతితో చదువు చాలించినవాడను. అయితే అంగడి మూసిన తరువాత పుస్తకము చదువు అలవాటు మాత్రము విడువలేదు. రాత్రి భోజనము లేని ఇంట రాత్రులు పొడవుగా నుండును గదా.

ఇంట మార్వాడీ, బడిలో కన్నడము, అంగడిలో తెలుగు. మన ప్రాంతపు వర్తకుల పిల్లలు చాలమంది ఇట్లే పెరిగినారు. “వీనుల విందు” అను మాట నేను అంగడిలోనే నేర్చితిని. కైవారము నుండి సరుకులకు వచ్చు ఒక భజనపరుడు తాతయ్యగారి తత్వములు పాడి, “వీనుల విందుగా నున్నదా చిన్న సేఠూ?” అని అడిగెడివాడు. నాకప్పుడు పన్నెండేండ్లు. విందు నోటికి గదా, చెవికి విందేమిటని మా నాయనగారిని అడిగితిని. ఆయన లెక్క వ్రాయుచునే, “తక్కెడ ముల్లు చూడు, మాటలు తరువాత” అన్నారు. ఆ ప్రశ్న అట్లే మిగిలిపోయినది.

భోజనమును గూర్చి వ్రాయుట మనవారికి నిషిద్ధము కాదు. క్రీ.శ. 1025లో చావుండరాయడు కన్నడములో వ్రాసిన లోకోపకారములో జ్యోతిషము, వాస్తు, భూమిలో నీరు కనిపెట్టు విధము మొదలైన వాటితో పాటు వంటకు కూడ చోటు కలదు. పదునారవ శతాబ్ది ఆరంభమున మంగరసుడను జైనుడు సూపశాస్త్రమని కేవలము శాకాహారపు వంటలకే ఒక పద్యగ్రంథము వ్రాసినాడు. చాళుక్య రాజైన సోమేశ్వరుని మానసోల్లాసము చూచినచో అందు రాజుగారి వంటశాల వేరు. అక్కడ మాంసములకు లోటు లేదు. తెలుగులో క్రీడాభిరామము ఓరుగంటి పూటకూళ్ల ఇంటి భోజనమును రుచిగా చెప్పినది. ఆముక్తమాల్యదలో విష్ణుచిత్తుడు ఏ ఋతువునందు అతిథులకు ఏమి వడ్డించెనో శ్రీకృష్ణదేవరాయలు వంటవానికంటె బాగుగా ఎరుగును. ఇక 1957లో వచ్చిన మాయాబజార్ చిత్రములో ఘటోత్కచుడు ఒంటరిగా కూర్చుండి పెండ్లివారి వంటకములన్నియు ఆరగించుట చూడని తెలుగువాడుండడు. నేను ఉపవాసము నాడు కూడ చూచి నవ్వితిని. దీనివలన వ్రతభంగమగునా అని ఒక మహారాజుగారిని అడిగితిని. ఆయన జవాబు చెప్పలేదు గాని కోపగించుకొనలేదు.

మన తాలూకాలోనే ఒక పెద్ద భోజనపు కథ కలదు. కైవారమే భారతములోని ఏకచక్రపురమని ఇక్కడివారి నమ్మకము. బకాసురునికి వంతు ప్రకారము బండెడు అన్నము, దానిని లాగు పశువులు, తోలుకొనిపోవు మనిషి, అన్నియు ఆహారముగా పోవలెను. భీముడు ఆ బండి తోలుకొనిపోయి, అసురుడు వెనుకనుండి వీపుపై గుద్దుచున్నను వెనుదిరిగి చూడక అన్నమంతయు ముగించి, అటుపిమ్మట వానిని చంపినాడు. దగ్గరి కొండ క్రింద బకుడున్నాడని పల్లెవారు నేటికిని చెప్పుదురు. పిల్లలకు ఈ కథలో భీముని ఆకలి నచ్చును. నాకు వయసు వచ్చిన కొలది ఆ బండిని నింపినవారి సంగతి జ్ఞాపకమునకు వచ్చుచున్నది. తమ శక్తికి మించి, ఊరి కట్టుబాటుకు భయపడి, తమ వంతు రాగానే నింపి పంపినారు. మన పెండ్లి విందులు కూడ అట్టి వంతు బండ్లే అయినవి. వారింట నలుబది రకములైనచో మన ఇంట నలుబదియైదు.

సైరెన్ అనగా మనకు మిల్లు కూత తెలియును. ఆ పేరు గ్రీకుల ప్రాచీన కవి హోమరు ఒడిస్సీ కావ్యములో వర్ణించిన గాయకురాండ్రనుండి వచ్చినది. వారు సముద్రతీరమున కూర్చుండి పాడుదురు. ఆ పాట విని ఒడ్డు చేరిన నావికుడు మరల ఇల్లు చూడడు. వారి చుట్టును ఎముకల గుట్టలు. యులిసెస్ అను వీరుడు తన నావికుల చెవులకు మైనము పెట్టించి, తాను మాత్రము పాట వినగోరి, తెరచాప స్తంభమునకు కట్టించుకొన్నాడు. కట్లు విప్పుమని కన్నులతో సైగ చేసినను వారు విప్పలేదు, ఇంకను బిగించినారు. ఓడ దాటిపోయినది. నా పాఠ్యపుస్తకములో కథ ఇంతటితో ముగిసినది.

తరువాత కథను నేను నలుబది దాటిన పిమ్మట చదివితిని. అదే పండ్రెండవ సర్గలో ఆ ఓడ సూర్యదేవుని ఆవులు మేయు దీవి చేరినది. ఆవులను ముట్టరాదని నావికులందరు ప్రమాణము చేసినారు. నెల దినములు ఎదురుగాలి. తెచ్చుకొన్న ధాన్యము అయిపోయినది. యులిసెస్ నిద్రించుచుండగా వారిలోనే ఒకడు లేచి, చావులన్నిటిలో ఆకలిచావు నీచమైనది, ఇప్పుడు తిందము, ఊరు చేరిన తరువాత సూర్యునికి గొప్ప గుడి కట్టింతము అని నచ్చజెప్పినాడు. ఆవులను చంపినారు. వలిచిన తోళ్లు నేలమీద ప్రాకినవట, నిప్పుపై కాలుచున్న మాంసము అంబా అని అరచినదట. అయినను ఆరు దినములు విందు చేసినారు. ఏడవ దినమున ఓడ కదలినది. పిడుగు పడి అందరును మునిగినారు. పాట విన్న యులిసెస్ బ్రదికినాడు. చెవికి మైనము పెట్టుకొన్నవారు నాలుక వలన పోయినారు. గుడి కట్టింతుమన్న మాట చదివినప్పుడు నేను పుస్తకము మూసి కొంతసేపు కూర్చుంటిని. ఈ బేరము మన వర్తకులకు క్రొత్తది కాదు.

మన ఆగమములలో ఇట్టి కథ లేదా? కలదు, అదియును వర్తకుల కథయే. జ్ఞాతాధర్మకథ తొమ్మిదవ అధ్యయనములో చంపానగరపు మాకందీ సేఠు కుమారులు జినపాలితుడు, జినరక్షితుడు పదునొకండు సార్లు సముద్రవ్యాపారము చేసి లాభముతో వచ్చినారు. పండ్రెండవసారి తల్లిదండ్రులు వలదన్నను వినలేదు. ఓడ పగిలినది. ఒక పలకను పట్టుకొని రత్నద్వీపము చేరినారు. అక్కడి దేవి వారిని చంపెదనని భయపెట్టి, తనతో నుంచుకొని, దినదినమును అమృతఫలములు తెచ్చి పెట్టినది. దక్షిణపు వనమునకు మాత్రము పోవలదన్నది. వీరు పోయినారు, శూలముపై నున్న ఒక వర్తకుని చూచి నిజము తెలిసికొన్నారు. శైలక యక్షుడు గుఱ్ఱమై వారిని వీపున నెక్కించుకొని ఒకే షరతు పెట్టినాడు: దేవి మాటలకు కరగరాదు, వెనుదిరిగి చూడరాదు. దేవి వెంటబడినది. బెదిరించినది, ఫలింపలేదు. అప్పుడు జినరక్షితుని ఒక్కనినే పేరు పెట్టి పిలిచి, నీ అన్న ఎన్నడును నాకు ప్రియుడు కాడు, నీవే నాకు ప్రియుడవు అన్నది. వాడు వెనుదిరిగి చూచినాడు. గుఱ్ఱము వానిని జారవిడిచినది. దేవి కత్తికి ముక్కలైనాడు. జినపాలితుడు ఇల్లు చేరినాడు.

ఈ రెండు కథలు ప్రక్క ప్రక్కన పెట్టి చూచినప్పుడు నాకొక సంగతి తట్టినది. సైరెన్లు యులిసెస్‌కు ఏమి పాడినారు? కామము మాట కాదు. నీవు గొప్ప వీరుడవు, ట్రాయ్ యుద్ధములో మీవారు పడిన పాట్లన్నియు మాకు తెలియును, వచ్చి వినుమని పాడినారు. దేవి జినరక్షితునికి చెప్పినది ఏమి? నీవే, నీవొక్కడవే అని. ఎవరి పాట వారికి వారి పొగడ్తయే.

ఇక నా సంగతి. 2019 మే నెలలో నా పెద్ద కుమార్తె పెండ్లి చేసితిని. మా అమ్మగారికి అప్పటికే ఎనుబది దగ్గర పడినది. చౌవిహారము ఎన్నడును తప్పని మనిషి. ఆమె నన్ను ఒక్కటే కోరినది, కడపటి బంతి సూర్యాస్తమయమునకు ముందే లేవవలెనని. వియ్యంకులు రాత్రి విందు అడుగలేదు. ఆ తప్పు వారిపై వేయరాదు. బెంగుళూరు హోల్‌సేలు వర్తకులు పగలు అంగడి విడిచి రాలేరని, వారు చూడవలెనని, నేనే రాత్రి ఎనిమిదికి పెట్టించితిని. వేయిన్ని రెండువందల మంది. అరువదినాలుగు రకములు. వంటవారు సోయాతో కోడికాలు ఆకారమున ఒకటి చేసి పుల్ల గ్రుచ్చి పెట్టినారు. పిల్లలు ఎగబడినారు. 1209లో జన్నడు వ్రాసిన యశోధర చరిత్ర మన ఇండ్లలో వినని వారెవరు? పిండికోడిని బలి ఇచ్చినందులకే కదా ఆ రాజు, అతని తల్లి జన్మజన్మలు పశుపక్షులై పుట్టినది, ఒక జన్మలో అతడు తన తద్దినపు విందుకే వండబడినది! ఆ కథయు రాణి ఒక మావటివాని పాట వినుటతోనే మొదలగును. అంత తెలిసియు ఆ పుల్లలు చూచి నేను నవ్వి ఊరకుంటిని.

ఆ సాయంకాలము ఒక జల్లు పడినది. మన వైపు మే నెల జల్లు పడినచో ఉసిళ్లు లేచును. మండపమునకు కట్టిన దీపములన్నిటి చుట్టును మూగినవి. రెక్కలు రాలి పాకములో, పాయసములో పడినవి. వంటవారు గరిటెతో తీసి పారవేయుచు వడ్డించినారు. నేను చూచితిని. చూచియు బంతి బంతికి తిరిగితిని. “సేఠుగారూ, చిక్కబళ్లాపురము మొదలు బాగేపల్లి దాక ఇట్టి భోజనము ఎవ్వరు పెట్టినారు?” అని ఒకరన్నారు, ఇంకొకరు ఇంకొక మాట. విన్నచోట నిలిచితిని, విననిచోటికి వినుటకు పోయితిని. నేను చౌవిహారము తప్పలేదు. సూర్యాస్తమయము తరువాత మంచినీటి చుక్క ముట్టలేదు. అయినను ఆ రాత్రి నేను తిన్నంత విందు ఎవ్వరును తినలేదు. అంతయు చెవితోనే తింటిని. మా భజనపరుని మాటకు అర్థము నాకట్లు తెలిసినది.

పదకొండు గంటలకు అమ్మగారి గదికి పోయితిని. ఆమె దీపము ఆర్పించి, వసారా వెలుతురులో నేలపై కూర్చుండి, గదిలో పడిన ఉసిళ్లను పూంజణితో మెల్లగా కాగితముపైకి ఎత్తుచున్నది. నన్ను చూచి, “అందరు తిన్నారా?” అని అడిగినది. అంతే. మరునాడు మిగిలిన అన్నము, కూరలు, మిఠాయిలు ట్రాక్టరుపై పోయినవి. ఎంత అని నేను లెక్క అడుగలేదు. గింజ గింజ తూచువాడను, అది మాత్రము తూచలేదు.

విందే పాపమని నేననుట లేదు. అతిథి సంవిభాగము శ్రావకుని పండ్రెండు వ్రతములలో ఒకటి. సాధర్మికులకు పెట్టుట పుణ్యమని పెద్దలు చెప్పినది నిజమే. నా మిత్రుడొకడు, “నీవిట్లు వ్రాసినచో మండపములవారు పప్పు ఎవరి వద్ద కొందురు?” అని అడిగినాడు. ఆ మాటకు నా వద్ద సరియైన జవాబు లేదు. పెండ్లిండ్ల నెలలలో నా అంగడి పద్దు ఇతర నెలలకు రెండింతలు. ఇంకొకరి రాత్రి విందులకు పప్పు అమ్మి, ఆ లాభముతో నా ఇంట పగటి విందు పెట్టినచో అది ఎట్టి వ్రతము? ఈ చిక్కు నాకు ఇంకను విడిపోలేదు.

నేమినాథ భగవానుని పెండ్లి ఊరేగింపు ఉత్తరాధ్యయన సూత్రము ఇరువదిరెండవ అధ్యయనములో ఉన్నది. ఎన్ని వాద్యములు, ఎంత వైభవము! ఆ ధ్వని నడుమ ఆయనకు దొడ్డిలో కట్టిన పశువులు కనబడినవి, వాటి దుఃఖము వినబడినది. ఇవి ఎందుకని సారథిని అడిగినాడు. మీ పెండ్లి విందుకే అని వాడు చెప్పినాడు. ఆభరణములు తీసి సారథికిచ్చి వెనుదిరిగినాడు. ఆయన చెవులకు మైనము పెట్టుకొనలేదు, స్తంభమునకు కట్టించుకొనలేదు. ఊరేగింపులో అందరికిని చెవులున్నవి. వాద్యములు అందరును విన్నారు. రెండవ ధ్వని అడుగున నున్నది, దానిని విన్నవాడు ఒక్కడు. నా మండపములో ఆ రెండవ ధ్వని గరిటె పాత్రకు తగిలిన చప్పుడు. నాకు వినబడలేదనుటకు వీలు లేదు.

వచ్చు మాఘమాసములో నా కుమారుని పెండ్లి నిశ్చయమైనది. ఈసారి పెండ్లికూతురివారే రాత్రి విందు అడిగినారు. వారి బంధువులు దూరము నుండి రావలెనట. వారి మాటయు న్యాయమైనదే. అమ్మగారు ఈసారి ఏమియు కోరలేదు. మొన్న మాత్రము పంచాంగము తెప్పించి, ఆ దినమున ప్రొద్దు ఎప్పుడు క్రుంకునో చూడుమన్నది. చూచి చెప్పితిని: సాయంకాలము 6 గంటల 20 నిమిషములు సుమారు. సరేనని పంచాంగము మూసి నా చేతికిచ్చినది. ఆదివారము నేను వియ్యంకుల ఇంటికి పోవుచున్నాను. శుభలేఖ ఇంకను అచ్చుకు ఇయ్యలేదు; విందు వేళ వ్రాయవలసిన చోటు ఖాళీగానే ఉన్నది.