నైవేద్యం వండేటప్పుడు ఉప్పు చూడొచ్చా? కట్టె పొంగలి నాకు నేర్పిన పాఠం



ధనుర్మాసం వచ్చిందంటే మనలో చాలామందికి ఒక సందేహం వస్తుంది. తెల్లవారుజామున లేచి కట్టె పొంగలి వండుతాం. మిరియాలు, జీలకర్ర, అల్లం, నెయ్యి అన్నీ పడిపోయాయి. వంటిల్లంతా ఘుమఘుమ. కానీ ఉప్పు సరిపోయిందో లేదో తెలీదు. గరిటె చివర కాస్త తీసి నాలుక మీద వేసుకుంటే అర నిమిషంలో తేలిపోతుంది. అయితే అది స్వామికి వండింది కదా! మరి చూడొచ్చా, చూడకూడదా?

"చూడకూడదు, ఎంగిలైపోతుంది" అని ఒక్క మాటలో చెప్పేసి ముందుకు వెళ్ళిపోవచ్చు. చాలాకాలం నేనూ అలాగే చెప్పాను. కానీ కిందటి ధనుర్మాసంలో మా ఇంట్లో ఒక సంగతి జరిగింది. ఆ తర్వాత ఇది అంత చిన్న ప్రశ్న కాదని అర్థమైంది. కొంచెం సిగ్గుగా ఉన్నా ఈరోజు ఆ సంగతి మీకు చెప్పాలి.

ముందు పొంగలి సంగతి

నా కొలత ఇది. ఒక గ్లాసు బియ్యానికి ముప్పావు గ్లాసు చాయ పెసరపప్పు. పప్పుని నూనె లేకుండా కమ్మటి వాసన వచ్చేదాకా దోరగా వేయించాలి. రంగు మరీ మారకూడదు. బియ్యం, పప్పు కలిపి కడిగి, ఆరు గ్లాసుల నీళ్ళు పోసి, కుక్కర్లో అయిదు విజిల్స్ రానివ్వాలి. మెత్తగా ఉడకాలి, మెతుకు విడివిడిగా నిలబడితే అది పొంగలి కాదు. ఇంకో మూకుట్లో నెయ్యి వేడి చేసి జీడిపప్పు, మిరియాలు, జీలకర్ర, సన్నగా తరిగిన అల్లం, కరివేపాకు, చిటికెడు ఇంగువ వేసి ఆ పోపంతా పొంగల్లో కలిపేయడమే. పచ్చిమిర్చి వేయను. మిరపకాయ మన దేశానికి పోర్చుగీసు వాళ్ళతో వచ్చింది, మిరియం మాత్రం ఇక్కడిదే. అందుకే పాత గుడి వంటల్లో ఘాటంతా మిరియానిదే.

ఇంతవరకూ బాగానే ఉంటుంది. చిక్కంతా ఉప్పు దగ్గరే. పెసరపప్పు ఉప్పుని మింగేస్తుంది.  చెంచాన్నర వేస్తే ఒకరోజు సరిపోతుంది, ఇంకోరోజు సరిపోదు. మా అమ్మమ్మకి ఈ సమస్యే లేదు. అరచేతిలో ఉప్పు పోసుకుని ఒకసారి చూసి వేసేసేది. రుచి చూడటం అటుంచి, నైవేద్యం వండేటప్పుడు వాసన కూడా కావాలని పీల్చకూడదు అనేది. ఆవిడ చేతికి యాభై ఏళ్ళ అలవాటు. మన చేతికి ఆ అలవాటు ఎక్కడిది? వారమంతా ఆఫీసు, రాత్రయితే ఫోన్లో ఆర్డరు, ఆదివారం ఒక్కరోజు పొయ్యి ముట్టించే చేతులు మనవి.

ఎందుకు చూడకూడదంటారు?

నైవేద్యం అనే మాట నివేదన నుంచి వచ్చింది. నివేదించడం అంటే తెలియజేయడం. "స్వామీ, ఇదిగో, నా ఇంట్లో ఈరోజు ఉన్నది ఇది" అని ఆయన ముందు చెప్పుకోవడం. మనం మనిషికి వండి పెట్టేటప్పుడు మెప్పు కోసం చూస్తాం. "ఎలా ఉంది?" అని అడుగుతాం. దేవుడి ముందు ఆ ప్రశ్న లేదు. బాగుందో లేదో మనకే తెలీదు. తెలియకుండానే ఇచ్చేయాలి. రోజూ అన్నిటికీ రేటింగ్ చూసుకుని బతికే మనకి ఇది చాలా కష్టమైన పని అండి!

భగవద్గీత మూడో అధ్యాయంలో పరమాత్మ యజ్ఞం గురించి చెబుతూ, కేవలం తన కోసమే వండుకు తినేవాడు తినేది పాపమే అంటాడు. చాలా గట్టి మాట. దీన్ని మన వంటింట్లోకి తెచ్చుకుంటే అర్థం ఇలా ఉంటుంది. వండినదాంట్లో మొదటి ముద్ద నాది కాదు. ఎవరో ఒకరిది. ఆ తర్వాతే నాది. రుచి చూడకపోవడం అనే నియమం ఈ ఒక్క విషయాన్ని మన నాలుకకి రోజూ గుర్తుచేస్తుంది.

మరి తిన్నడి సంగతేంటి? శబరి సంగతేంటి? అని మీరు అడగొచ్చు. శ్రీకాళహస్తిలో తిన్నడు వేటమాంసాన్ని రుచి చూసి, బాగున్న ముక్కలే శివుడికి పెట్టాడు. ఆయనే కన్నప్ప అయ్యాడు. శబరి పండు కొరికి చూసి రాముడికి పెట్టిందనే ముచ్చట వాల్మీకి రామాయణంలో కనిపించదు కానీ, జనం నోళ్ళలో మాత్రం గట్టిగా నిలిచిపోయింది. వీళ్ళిద్దరూ రుచి చూశారు. మరి తప్పెందుకు కాలేదు?

వాళ్ళు తినడానికి చూడలేదు, పెట్టడానికి చూశారు. పుల్లటి పండు ఆయన నోట పడకూడదని ముందు తమ నోట్లో వేసుకున్నారు. అమ్మ పసిపిల్లకి పాలు పట్టే ముందు ఒక చుక్క చేతి మీద వేసుకుని చూస్తుంది కదా, అలాగన్నమాట. మనలో ఆ ప్రేమ అంత పండలేదు కాబట్టి మనకి నియమం కావాలి. మన నాలుక "ఉప్పు చూస్తున్నా" అని చెప్పి రెండు జీడిపప్పులు కూడా లాగించేస్తుంది. అందులో దాపరికం ఎందుకు!

ఇక్కడిదాకా నాకు అనుమానం లేదు. అసలు చిక్కు ఇప్పుడు చెప్తాను.

ఆరోజు జరిగింది

కిందటి ధనుర్మాసంలో అమ్మ ఊరి నుంచి హైదరాబాద్ మా ఫ్లాట్‌కి వచ్చింది. ఛానెల్ కోసం కట్టె పొంగలి నైవేద్యం వీడియో తీద్దామనుకున్నాను. అయిదింటికే లేచాను. ఏడింటికి పొంగలి అయిపోయింది. కెమెరా ముందు కూడా నియమం తప్పలేదు, రుచి చూడలేదు. ఆ విషయం వీడియోలో గొప్పగా చెప్పాను కూడా.

అప్పుడు పూజ చేసేసి ఉంటే అయిపోయేది. కానీ కిటికీ వెలుగు సరిగ్గా పడలేదు. దీపం ప్లేటు మార్చాను. అరటాకు చిరిగిందని ఇంకోటి తెచ్చాను. నెయ్యి పోసే షాట్ మూడుసార్లు తీశాను. మధ్యలో బ్యాటరీ అయిపోతే ఛార్జింగ్ పెట్టాను. అమ్మ హాల్లో కుర్చీలో కూర్చుని ఉంది. రెండుసార్లు "అయిందా నాన్నా?" అని అడిగింది. "ఇదిగో అయిపోతోందమ్మా" అన్నాను.

తొమ్మిదింబావు అయింది. అమ్మ పిలవడం మానేసింది. ఎందుకో వెనక్కి తిరిగి చూస్తే నుదుటి మీద చెమటలు. డిసెంబర్ చలిలో చెమటలేంటి? దగ్గరికి వెళ్ళి చెయ్యి పట్టుకుంటే వణుకుతోంది. అమ్మకి షుగర్ ఉంది. పొద్దున్నే టాబ్లెట్ వేసేసుకుంది. టిఫిన్ మాత్రం తినలేదు. ఎందుకంటే స్వామికి ఇంకా నైవేద్యం పెట్టలేదు.

గబగబా గ్లాసు నీళ్ళలో పంచదార కలిపి తెచ్చాను. ఆ స్థితిలో కూడా అమ్మ దేవుడి గూటి వైపు చూసి "ఇంకా పెట్టలేదు కదరా" అంది. "ముందు తాగు అమ్మా" అని నేనే పట్టించాను. పావుగంటకి తేరుకుంది. నేను నేల మీదే కూర్చుండిపోయాను. ఎదురుగా ట్రైపాడ్ మీద కెమెరా ఇంకా తిరుగుతూనే ఉంది.

ఆ మధ్యాహ్నం అడిగాను. "అంతసేపు ఎందుకున్నావమ్మా? నోరు తెరిచి చెప్పొచ్చు కదా?" అని. అమ్మ తేలిగ్గా అనేసింది. "నేనేమీ ఉపవాసం ఉంటానని మొక్కుకోలేదురా. నువ్వు ఆలస్యం చేశావు, అంతే."

ఆ మాట నాకు గట్టిగా తగిలింది. నియమం పాటించింది నేనని అనుకున్నాను. నిజానికి నేను మానుకున్నది గరిటె చివర ఉప్పు మాత్రమే. ఆకలి మొత్తం అమ్మ భరించింది. అప్పుడు చిన్నప్పటి ఆదివారాలు కూడా గుర్తొచ్చాయి. మేం తొమ్మిదింటికి లేచి, పదింటికి స్నానాలు చేసేవాళ్ళం. ఆలోపు అమ్మ వండి, పూజ చేసి, అందరికీ పెట్టి, పన్నెండింటికి తినేది. అది ఆవిడ భక్తి అనుకున్నాం. అందులో మన బద్ధకం ఎంతుందో ఒక్కరోజూ లెక్క వేయలేదు.

పూరీలో కిచిడీ

ఆ రాత్రి నాకు కర్మాబాయి కథ గుర్తొచ్చింది. పూరీ జగన్నాథుడి వంటశాల నియమాలు మీకు తెలిసే ఉంటాయి. మట్టి కుండల్లో, కట్టెల పొయ్యి మీద వండుతారు. బంగాళాదుంప, టమాటా, మిరపకాయ వాడరు. ముందు జగన్నాథుడికి, తర్వాత విమలాదేవికి నివేదించాకే అది మహాప్రసాదం అవుతుంది. అంతటి ఆచారం ఉన్న క్షేత్రం అది.

అదే పూరీలో కర్మాబాయి అనే భక్తురాలు ఉండేదని చెప్పుకుంటారు. స్వామిని పసిపిల్లాడనుకునేది. పిల్లాడికి పొద్దున్నే ఆకలేస్తుందని లేవగానే, స్నానం కూడా చేయకుండా, బియ్యం పప్పు కలిపి కిచిడీ వండి పెట్టేసేదట. ఒక సాధువు చూసి, "ఇదేం పద్ధతమ్మా? స్నానం చేయాలి, పొయ్యి శుద్ధి చేయాలి, అప్పుడే వండాలి" అని చెప్పాడు. మర్నాడు ఆవిడ అన్నీ శ్రద్ధగా చేసింది. ఆలస్యమైపోయింది. స్వామి ఆకలితో కాచుకుని, ఆ కిచిడీ గబగబా తిని, మూతి తుడుచుకోకుండానే గుడికి పరుగెత్తాడట. పూజారులు తలుపు తీస్తే స్వామి పెదాలకి కిచిడీ! సంగతి తెలిసి ఆ సాధువే వెళ్ళి, "అమ్మా, నువ్వు ఇదివరకటిలాగే వండిపెట్టు" అన్నాడట.

చిన్నప్పుడు ఈ కథ విని "చూశావా, భక్తి ఉంటే నియమాలు అక్కర్లేదు" అనుకున్నాను. ఇప్పుడు అలా అనిపించడం లేదు. నియమం అక్కర్లేకపోతే పూరీ వంటశాల అన్ని వందల ఏళ్ళుగా అంత కట్టుదిట్టంగా ఎందుకు నడుస్తుంది? సాధువు చెప్పింది తప్పు కాదు. కాకపోతే ఆ నియమం బరువు ఎవరి మీద పడుతోందో ఆయన చూసుకోలేదు. పెద్దవాళ్ళు పాటించాల్సిన శుద్ధి వల్ల పిల్లాడు ఆకలితో ఉన్నాడు. మా ఇంట్లో నా కెమెరా వల్ల అమ్మ ఆకలితో ఉంది.

మరి ఏం చేయాలి?

నాకు తోచింది చెప్తాను. నియమం నా నాలుకకి పెట్టుకోవచ్చు, ఎదుటివాళ్ళ కడుపుకి పెట్టకూడదు. నేను రుచి చూడను, నేను ముందు తినను, నేను పొద్దున్నే లేస్తాను. ఇవన్నీ నా మీద నేను పెట్టుకునేవి. వాటి వల్ల ఇంట్లో ఒక పెద్దావిడో, ఒక పసివాడో ఆకలితో కూర్చుంటే, నేను చేస్తున్నది నివేదన కాదని అనుమానించాలి.

"అలా అయితే ప్రతివాడూ తనకి కష్టమైన నియమాన్ని వదిలేస్తాడు కదా?" అని అడగొచ్చు. న్యాయమైన ప్రశ్నే. అందుకే నేను ఒకటే చూసుకుంటున్నాను. నియమం సడలిస్తే సుఖపడేది నేనా, ఇంకొకరా? నా నిద్ర కోసం, నా జీడిపప్పు కోసం సడలిస్తే అది సాకు. అమ్మ టాబ్లెట్ కోసం సడలిస్తే దానికి స్వామి దగ్గర క్షమాపణ కూడా అక్కర్లేదనుకుంటాను.

ధనుర్మాసంలో తిరుమలలో కూడా సుప్రభాతం బదులు తిరుప్పావై వినిపిస్తుంది. అందులో రెండో పాశురంలో గోపికలు "మేం నెయ్యి తినం, పాలు తాగం" అని తమ మీద తామే నియమం పెట్టుకుంటారు. ఇంకొకరిని మానమనరు. ఇరవై ఏడో పాశురానికి వచ్చేసరికి పాలతో వండిన అన్నం, మోచేతి దాకా కారే నెయ్యి, అందరూ కలిసి చల్లగా కూర్చోవడం. మానుకోవడం ఒకరిది, తినడం అందరిదీ. వ్రతం అక్కడికి చేరాలి.

ఇప్పుడు మా ఇంట్లో పద్ధతి మారింది. నైవేద్యం ఏడింటికి ముందే అయిపోతుంది. అలా కుదరదని తెలిసిన రోజు స్వామికి ముందు ఒక అరటిపండు నివేదించి అమ్మకి ఇచ్చేస్తాను. ఆకో పువ్వో పండో నీళ్ళో ప్రేమగా ఇస్తే తీసుకుంటానని గీతలో ఆయనే చెప్పాడు కదా! అమ్మ తిన్నాక పొంగలి నెమ్మదిగా అవుతుంది. వీడియో తీస్తే నైవేద్యం అయ్యాక మిగిలినదానితో తీస్తాను.

ఇక మొదటి ప్రశ్న. ఉప్పు చూడొచ్చా? నేనైతే ఇప్పటికీ చూడను. కొలిచి వేస్తాను, తగ్గితే తగ్గిందని ఆయనకే చెప్పుకుంటాను.

అన్నట్టు, ఆరోజు పొంగల్లో ఉప్పు బాగా తగ్గింది. అమ్మ ఒక ముద్ద తిని, ఏమీ అనకుండా ఉప్పు డబ్బా నా వైపు జరిపింది.

ఈ ధనుర్మాసంలో మీరు పొంగలి వండుతుంటే, పొయ్యి కట్టేశాక ఒక్కసారి హాల్లోకి తొంగి చూడండి. ఎవరైనా తినకుండా కూర్చున్నారేమో!

జై శ్రీమన్నారాయణ.