గట్టు మీద కూర్చుంటే ఈత రాదు



"నేనెందుకు పనికొస్తాను?" ఇరవైల్లో ఉన్నవాళ్లను ఎప్పుడో ఒకప్పుడు ఈ ప్రశ్న పట్టుకుంటుంది. తలుపేసుకుని ఎంత ఆలోచించినా జవాబు తట్టదు. గట్టు మీద కూర్చుంటే ఈత వస్తుందా? నీళ్లలోకి దిగాలి.

అలా దిగినవాడు డాక్టర్ ద్వారకానాథ్ కోట్నిస్. మన పద్మశాలీలు ఎందరో స్థిరపడ్డ షోలాపూరే ఆయన సొంతూరు. 1938లో చైనా మీద జపాన్ యుద్ధం చేస్తోంది. గాయపడ్డవాళ్లకు వైద్యం చేయడానికి మన దేశం నుంచి ఐదుగురు డాక్టర్లు స్వచ్ఛందంగా బయల్దేరారు. కోట్నిస్ వాళ్లలో ఒకరు. అప్పుడాయన బొంబాయిలో పైచదువుకు సిద్ధమవుతున్న కుర్రాడు.

వెళ్లాక పని ఆయన్ని కట్టిపడేసింది. రోగి బాధ రోగి నోటనే వినాలని చైనా భాష నేర్చుకున్నారు. ఒకసారి మూడు పగళ్లు, మూడు రాత్రులు నిద్రలేకుండా ఆపరేషన్లు చేశారంటారు. యుద్ధరంగంలోని ఆస్పత్రికి పెద్ద అయ్యారు. అక్కడి నర్సునే పెళ్లాడారు. మళ్లీ ఇంటికి రాలేదు. 1942లో, ముప్పై రెండేళ్లకే, ఆ మట్టిలోనే కన్నుమూశారు. చైనా ఆయన్ని నేటికీ తలుచుకుంటోంది.

బయల్దేరిన రోజున ఇదంతా ఆయనకు తెలుసా? తెలిసే వీలే లేదు. పనిలోకి దిగాకే దారి కనబడింది.

అందరం సముద్రాలు దాటక్కర్లేదు. మీ ఊరి ఆస్పత్రిలో తోడులేని రోగి ఒకరుంటారు. మీ వీధిలో లెక్కలు రాని పిల్లాడు ఒకడుంటాడు. "నేనెందుకు పనికొస్తాను" అని మీకూ అనిపిస్తోందా? ఈ ఆదివారం ఒక్క గంట వాళ్లకివ్వండి. ముందు దిగండి. జవాబు ఆ పనే చెబుతుంది.