జెండాకు అర్థం ఎక్కడిది?

ఒకే గుడ్డను చూచి ఒకడు చేతులు జోడిస్తాడు, మరొకడు పళ్లు కొరుకుతాడు. మరి ఆ పవిత్రతగాని, ఆ వైరంగాని ఉన్నదెక్కడ? దర్గా మీది పచ్చజెండాను పరాయి దేశపు జెండాగా చూపి అల్లర్లు లేవదీసిన సందర్భాలు మన దేశంలో ఉన్నాయి. కనుక ఇది తీరికవేళ తర్కమని తోసివేయటానికి వీలులేదు.

ముందు చరిత్రను అడుగుదాం. ఇస్లాంకు ఫలానాది చిహ్నమని ఖురాను విధించలేదు. నెలవంకల ప్రస్తావన వచ్చినచోట కూడా అవి జనానికి కాలగణనకూ, హజ్ యాత్రకూ గుర్తులని మాత్రమే చెప్పింది. ప్రవక్త కాలంలో తెల్లజెండా, నల్లజెండా ఉండేవని హదీసులు చెబుతాయి. అవి సైన్యపు గుర్తులు. తరువాత రంగులు రాజకీయాన్ని వెంబడించాయి. ఉమయ్యదుల పాలనపై తిరుగుబాటు చేసిన అబ్బాసీలు నల్లజెండా ఎత్తారు. 750లో గెలిచాక ఆ నలుపే దర్బారు రంగయింది. 817లో ఖలీఫా మామూన్, అలీ వంశీయుడైన ఇమాం రజాను తన వారసుడిగా ప్రకటించి, నలుపు తీయించి ఆకుపచ్చ పెట్టించాడు. రెండేళ్లకే మళ్లీ నలుపు వచ్చింది. నెలవంక, నక్షత్రం జెండా మీద ప్రసిద్ధికెక్కింది ఉస్మానీ తురుష్కుల వల్ల, అదీ 18వ శతాబ్దం చివరినుంచి. సౌదీ అరేబియా జెండాలో నేటికీ నెలవంక లేదు. నేపాల్ జెండాలో ఉన్నది!

అయితే చిహ్నాలన్నీ పాలకుల ఎత్తుగడలేనా? మనలో కొందరి వాదం అదే. అది సగం నిజం. మిగతా సగం తెలుగు పల్లెల పీర్ల సావిళ్లలో దొరుకుతుంది.

680లో కర్బలా మైదానంలో, యజీదుకు విధేయత చూపనన్న హుసేనునూ, అతని కొద్దిపాటి అనుచరులనూ యూఫ్రటీసు నీరు అందకుండా చుట్టుముట్టి చంపారు. జెండా మోసిన అబ్బాసు నీళ్లు తేబోయి, చేతులు తెగి నేలకొరిగాడని సంప్రదాయం. ఆ జెండాకు గుర్తే అలం. మనం పీరు అంటున్నది దాన్నే. చేయి ఆకారపు పీరులో అయిదు వేళ్లు ప్రవక్త, ఫాతిమా, అలీ, హసన్, హుసేన్‌లకు సంకేతాలు. మహమ్మద్ కులీ కుతుబ్ షా 1590లలో హైదరాబాదులో బాద్‌షాహీ ఆషూర్‌ఖానా కట్టించి అలాలకు రాజాదరణ కల్పించాడు. కాని అలం ఆ గోడల మధ్య ఆగిపోలేదు. పల్లెల్లో దూదేకులవారు, రైతులు, కూలీలు దానికి దట్టీలు కట్టారు, పానకం పోశారు, బిడ్డలకు పీరయ్య, హుసేనమ్మ అని పేర్లు పెట్టుకున్నారు. అనంతపురం జిల్లా గూగూడులో కుళ్ళాయప్ప పీరు ముందు హిందువులూ ముస్లిములూ కలిసే మొక్కుతారు.

గౌతమి ఒడ్డున రావులపాలెంలో నిలబడినవారికి కర్బలా దాహం దూరపు కథ అనిపించవచ్చు. కాని 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తికాకముందు, నది పక్కనే ప్రవహిస్తున్నా కరువుకు మాడిన సీమ ఇది. నీటికోసం అలమటించటమంటే ఏమిటో ఇక్కడి రైతుకు వేరే చెప్పాలా?

ఇది ఇస్లాం కాదని కొందరు మతపెద్దలంటారు. మన దేవుడు కాదని మరికొందరంటారు. ఇద్దరూ శాస్త్రాన్నే అడుగుతున్నారుగాని, పీరును భుజాన మోసినవాణ్ణి అడగటం లేదు. అలాగని మనం మురిసిపోనక్కరలేదు. కలిసి దట్టీ కట్టినంత మాత్రాన పల్లెలో కులం పోలేదు.

జాతీయ పతాకం విషయంలోనూ ఈ ప్రశ్నే ఎదురైంది. 1921లో బెజవాడలో పింగళి వెంకయ్య గాంధీజీకి సమర్పించిన జెండాలో ఎరుపు హిందువులకు, ఆకుపచ్చ ముస్లిములకు గుర్తులు. మిగిలినవారికోసం గాంధీజీ తెలుపు చేర్చమన్నారు. ఆపైన తమ రంగేదని సిక్కులు అడిగారు. రంగును మతానికి అంటగడితే ఆ పంపకానికి అంతెక్కడ? పట్టాభి సీతారామయ్య కన్వీనరుగా ఒక సంఘం దీన్ని పరిశీలించింది. చివరకు 1931 ఆగస్టులో కాంగ్రెసు, రంగులకు మతపరమైన అర్థం లేదని ప్రకటించి, వాటిని త్యాగం, శాంతి, విశ్వాసం వంటి గుణాలకు సంకేతాలుగా నిర్ణయించింది. రంగుకు అర్థమిచ్చింది మనుషులే. దాన్ని మార్చగలిగిందీ మనుషులే.

మరి అర్థం మనుషులిచ్చేదే అయితే, ఎవరిచ్చిన అర్థమైనా ఒక్కటేనా? కాదు. 2014లో ఇస్లామిక్ స్టేట్ అనే ముఠా నల్లజెండా కింద యజీదీలను, షియాలను, తనకు లొంగని సున్నీలను కూడా చంపింది. ఆ జెండా మీద రాసినవి పవిత్ర వాక్యాలే. వాక్యం ఆ హత్యలను కడగలేదు, ఆ హత్యలవల్ల కోట్లాది ముస్లిములు దోషులూ కాలేదు. కనుక గీటురాయి ఒకటే: జెండా నీడన ఎవరికి చోటు దొరుకుతున్నది? ఎవరి మెడ మీద కత్తి పడుతున్నది? మనం ఇష్టపడి మోసే జెండాకైనా ఈ పరీక్ష తప్పదు.

ఈ చరిత్రను మన తరగతి గదుల్లో చెప్పుకోవాలి. పచ్చగుడ్డను చూపి పొరుగువాణ్ణి శత్రువనేవాడు వచ్చేనాటికి, అతన్ని ఎదురు ప్రశ్న వేయగల విద్యార్థులు తయారై ఉండాలి.