ఆకు బాగుంది, పువ్వే లేదు

ఆల్ప్స్ కొండల్లో 1,400 మీటర్లు దాటాక పచ్చికలో పూసే జెన్షియన్‌ను ఒకసారి చూస్తే మరో నీలం కంటికి ఆనదు. ఆస్ట్రియా ఒక సెంటు నాణెం మీద ఉన్నది ఈ పువ్వే. కాడ ఉందా లేదా అన్నట్టుంటుంది. రెండంగుళాల బాకా నేరుగా ఆకుల్లోంచి లేస్తుంది. వంగి లోపలికి చూస్తే గొంతులో ఆకుపచ్చ చుక్కలు. మబ్బు పడితే ముడుచుకుంటుంది.

నేనుండే ఉత్తర ఇంగ్లండులో కొండమొక్కల పిచ్చి ఉన్నవాళ్లు దీన్ని పాత రాతి తొట్లలో, కంకర కలిపిన మట్టిలో పెంచుతారు. చలికి ఇది చావదు. సొంతగడ్డ మీద నెలల తరబడి మంచు కింద పొడిగా నిద్రపోతుంది. ఇక్కడ ప్రాణం తీసేది చలికాలపు వాన, వేరు దగ్గర నిలిచే నీరు. అందుకే కొండమొక్కల అద్దాల ఇళ్లలో వెచ్చబెట్టే ఏర్పాటు ఉండదు, కిటికీలు తెరిచే ఉంటాయి. అద్దం ఉన్నది వాన ఆపడానికి. లండన్ క్యూ తోటలో 2006లో తెరిచిన డేవీస్ ఆల్పైన్ హౌస్‌లోనైతే నేలకింది దారుల్లో గాలి తిప్పి మరీ చల్లబరుస్తారు.

ఇంత చేస్తే మొక్క నిగనిగలాడుతూ చాపలా పరుచుకుంటుంది. పూయదు. పక్కింటి పెరట్లో ఎవరూ పట్టించుకోని మూల విరగబూస్తుంది. సున్నం ఎక్కువైందంటారు, ఎండ చాలదంటారు. ఒక తోటలో నిజమైన కారణం ఇంకో తోటలో తేలిపోతుంది. 1919లో రెజినాల్డ్ ఫారర్ రాతితోటల మీద పెద్ద గ్రంథమే వెలువరించాడు. తర్వాత ఎన్నో వచ్చాయి. ఈ చిక్కు మాత్రం విడలేదు.

నీళ్లు పోశాం కాబట్టి పూయాలి అన్నది మన లెక్క. పూయకపోతే తప్పు మొక్కదో మనదో తేల్చేదాకా నిద్రపట్టదు. క్షేమంగా ఉండటం వేరు, పూయటం వేరు అని నాకు ఈ మొక్క దగ్గరే తోచింది. బతకడానికి కావలసినవి అమర్చగలం. పూతకు ఏం కావాలో ఆ మొక్కకే తెలియాలి. పిల్లల్ని పెంచేటప్పుడు ఈ తేడా ఎంతమందికి గుర్తుంటుంది? ఇక్కడ గీతను లాక్కురావడం తేలికే గానీ, తోటమాలి ఫలం ఆశించడంటే నేనొప్పుకోను. మార్చి వచ్చిందంటే ఆకుల మధ్య వేలుపెట్టి మొగ్గ కోసం తడమని వాడెవడు? ఆశపడతాడు, దబాయించడు. అంతే.

హైదరాబాదులో, విజయవాడలో ఉన్నవాళ్లు దీని విత్తనాల జోలికి పోవద్దు. మన వేసవికి ఆగదు. చలిదేశాల్లో ఉన్నవాళ్లు పూత మీదున్న మొక్కనే చూసి కొనుక్కోండి. అదీ మొండికేస్తే తవ్వి, ఎండ తగిలే మరోచోట నాటండి. పాత తోటమాలులు చెప్పే ఉపాయం ఇదే.